తూమే కదా అనుకుంటే...

ముచ్చటపడి పెట్టించుకున్న బాత్‌టబ్. అందులో ఓ అరగంట పడుకుంటే ఒంటి నొప్పులన్నీ చేత్తో తీసేసినట్టు పోతాయన్నారెవరో. నొప్పుల సంగతేమో కానీ, కింది ఫ్లాటువాళ్ల సీలింగు మీద మాత్రం జిల్లా పటం గీసినట్టు ఓ పసుపు మరక తేలింది. 'మీ బాత్‌రూమ్ కారుతోందండీ' అని వాళ్లూ, 'మా గచ్చు పొడిగానే ఉంది కదండీ' అని వీళ్లూ... అలా మొదలైన మాటలు చివరికి అసోసియేషన్ మీటింగు దాకా వెళ్లాయి. ఇంతకీ తప్పెవరిదీ అంటే- టబ్బు అడుగున, ఎవరి కంటికీ కనిపించని చోట పెళుసెక్కి పగిలిన ఓ రబ్బరు వాషరుది!

అపార్ట్‌మెంట్లలో ఇరుగుపొరుగుల మధ్య వచ్చే తగాదాల్లో కారు పార్కింగ్ తర్వాత స్థానం బహుశా బాత్‌రూమ్ లీకేజీదే. టబ్బు ఉన్న ఇంట్లో అయితే అది మరీ చిక్కు. ఎందుకంటే మామూలు బాత్‌రూములో నీళ్లు ఎటు పోతున్నాయో కళ్లెదుటే కనిపిస్తుంది. టబ్బులో ఆ వీలుండదు.

అసలు మనది చెంబు స్నానం. పెరట్లో గంగాళం నిండా నీళ్లు, కూర్చోవడానికో పీట, గోడ మూలన ఓ తూము. ఒళ్లు రుద్దుకున్న సున్నిపిండీ తల రుద్దుకున్న కుంకుడు రసమూ ఆ తూములోంచి నేరుగా అరటిచెట్టు మొదట్లోకో, చేమదుంపల పాదులోకో వెళ్లేవి. ఎప్పుడైనా పూడుకుంటే నాలుగు కొబ్బరి ఈనెలు కలిపి ఒక్క పోటు పొడిస్తే చాలు. ప్లంబరు అనే మాటే అక్కర్లేదు. ఇప్పుడా తూము గచ్చు కింద, టబ్బు కింద, టైల్సు వెనక దాక్కుంది. దాక్కున్న దాన్ని పట్టుకోవాలంటే దాని తీరు కాస్త తెలియాలి.

రెండొందల కిలోల బరువు

ముందు ఓ చిన్న లెక్క. మన పట్టణాల్లో ఒక మనిషికి రోజుకి 135 లీటర్ల నీళ్లు కావాలని ప్రమాణంగా పెట్టుకున్నారు. వంటా స్నానమూ బట్టలూ ఫ్లష్షూ అన్నీ అందులోనే. స్నానం వాటా 55 లీటర్లు. మామూలు సైజు టబ్బు నిండాలంటే 150 నుంచి 200 లీటర్లు కావాలి. అంటే ఒక్కసారి టబ్బు స్నానం చేస్తే మనిషి రోజువారీ కోటా మొత్తం దాటిపోయినట్టే. ట్యాంకర్ల కోసం ఎదురుచూసే ఎండాకాలంలో ఆ సరదా ఎంతవరకూ సబబన్నది వేరే సంగతి.

నీళ్లకు బరువుంటుంది. లీటరుకు కిలో. నిండు టబ్బులో మనిషి కూడా దిగితే పావు టన్ను పైమాటే. ఫైబరు, యాక్రిలిక్ టబ్బుల అడుగు ఆ బరువుకి కొద్దిగా కిందికి వంగుతుంది. నీళ్లు పోగానే మళ్లీ లేస్తుంది. ఏళ్ల తరబడి అలా వంగీ లేచీ చివరికి అలిసిపోయేది టబ్బు కాదు, దానికి బిగించిన తూము దగ్గరి అతుకు. అందుకే కొత్తలో లేని కారుడు నాలుగైదేళ్ల తర్వాత మొదలవుతుంది. కట్టినవాళ్లు టబ్బు కింద ఇసుకో సిమెంటో సరిగా మెత్తకుండా ఖాళీ వదిలేస్తే ఇంకా ముందే.

పైకి ఒకటే... లోపల నాలుగు

పైనుంచి చూస్తే కనిపించేవి రెండే. అడుగున మెరిసే జాలీ లేదా మూత, కాళ్లవైపు గోడకు గుండ్రటి బిళ్ల. బిళ్ల వెనక ఉన్న రంధ్రాన్ని ఓవర్‌ఫ్లో అంటారు. నీళ్లు మరీ పైకి వస్తే అందులోంచి కిందికి పోతాయి. అయితే దాన్ని నమ్ముకుని కుళాయి వదిలేసి ఫోన్లో కబుర్లు చెప్పుకోవడానికి వీల్లేదు. పూర్తిగా తిప్పిన కుళాయి ధారను చాలా ఓవర్‌ఫ్లోలు తట్టుకోలేవు.

కనిపించని భాగాలే అసలువి. జాలీ కింద 'వేస్ట్' అనే మోచేతి వంపు. దానికీ టబ్బు అడుగుకీ మధ్య వాషరు. ఓవర్‌ఫ్లో నుంచి వచ్చి ఆ వంపులో కలిసే మరో గొట్టం. ఆ రెండూ కలిశాక ట్రాప్, అంటే ఎప్పుడూ కొంచెం నీళ్లు నిలిచి ఉండే యూ ఆకారపు గొట్టం. మన దగ్గర చాలా ఇళ్లలో ఈ ట్రాప్ టబ్బుకు విడిగా ఉండదు. టబ్బు నుంచి వచ్చిన ముడతల ప్లాస్టిక్ పైపును గచ్చులోని నహానీ ట్రాప్‌లోకి ఊరికే దించి వదిలేస్తారు. (మరాఠీలో స్నానాల గదిని 'న్హాణీ' అంటారు. ఆ మాట మన ప్లంబర్ల నోట్లో పడి 'నాని ట్రాపు' అయింది. సినిమా నానికి దీంతో సంబంధం లేదు!)

ఊరికే దించి వదిలేసిన ఆ పైపు ఏదో ఒకరోజు పక్కకు జరుగుతుంది. ఎలకలుంటే కొరుకుతాయి. అప్పుడు స్నానం చేసిన ప్రతిసారీ రెండొందల లీటర్లూ టబ్బు కింద చీకట్లో గచ్చు మీదకే వెళ్తాయి. అది పాదాల దగ్గరికి రాదు కాబట్టి ఇంట్లోవాళ్లకు తెలియదు.

నీళ్లు మెల్లగా పోతుంటే...

సంక్రాంతికి భోగి తలంట్లు అయ్యాక చాలా ఇళ్లలో వచ్చే ఫిర్యాదు ఇదే. నూనె, రాలిన జుట్టు, సున్నిపిండి... మూడూ కలిస్తే గొట్టంలో ముద్దలా పేరుకుంటాయి. బోరు నీళ్లలో ఉండే కాల్షియం సబ్బుతో కలిసి తెల్లటి తెట్టు కడుతుంది. అదీ వీటికి తోడు.

ఇలాంటప్పుడు చాలామంది చేసే మొదటి పని యాసిడ్ పోయడం. చేయకూడని పని కూడా అదే. టబ్బు మెరుపు పోతుంది, జాలీ నల్లబడుతుంది, జుట్టు ముద్ద మాత్రం అక్కడే ఉంటుంది. పైగా అంతకుముందే బ్లీచింగ్ పౌడరు చల్లి ఉంటే దాని మీద యాసిడ్ పడగానే క్లోరిన్ వాయువు పుడుతుంది. తలుపు వేసి ఉన్న చిన్న బాత్‌రూములో అది ఊపిరితిత్తులను దెబ్బతీస్తుంది, ప్రాణం మీదకు తెస్తుంది. సలసల మరిగే నీళ్లు పోయడమూ మంచిది కాదు. పీవీసీ అతుకులు మెత్తబడతాయి.

నూటికి తొంభైసార్లు ముద్ద ఉండేది జాలీ కింద జానెడు లోతులోనే. మూత తీసి, చివర కొక్కెంలా వంచిన సన్నటి తీగతో లాగితే జుట్టంతా తాడులా పైకి వస్తుంది. చూడ్డానికి బాగోదు కానీ పని అయిపోతుంది. తీగకు అందకపోతే రబ్బరు పంపు వాడొచ్చు. ఇక్కడే ఓ కిటుకు ఉంది. ఓవర్‌ఫ్లో రంధ్రంలో తడిగుడ్డ కుక్కాకే పంపు కొట్టాలి. లేకపోతే మీరు ఎంత బలంగా నొక్కినా ఆ గాలి ఓవర్‌ఫ్లో గుండా పైకి పోతుంది తప్ప అడ్డును తోయదు. 'పంపు కొట్టినా పోలేదండీ' అనేవాళ్లలో ఎక్కువమంది ఈ గుడ్డ సంగతి తెలియనివాళ్లే. అదీ కుదరకపోతే ప్లంబరు దగ్గరుండే పొడవాటి స్ప్రింగే గతి.

టబ్బుతోపాటు వాష్‌బేసిన్‌లో కూడా నీళ్లు నిలుస్తుంటే తప్పు టబ్బుది కాదు. బయటి పెద్ద పైపులో అడ్డు ఉందని అర్థం. నీళ్లు పోయేటప్పుడు గుడగుడమని చప్పుడొస్తుంటే పైపుకి గాలి అందట్లేదన్నమాట. ఈ రెండూ ఇంటివాళ్లు ఒంటరిగా తేల్చే పనులు కావు.

నీళ్లు నిలవకపోతే...

ఇది తేలిక. టబ్బు నింపుకుని సబ్బు తీసుకునేలోపు మోకాళ్ల దాకా దిగిపోయిందంటే బిరడా సరిగా మూసుకోవట్లేదని అర్థం. మన దగ్గర ఎక్కువగా ఉండే రకంలో ఓవర్‌ఫ్లో మీది గుండ్రటి పిడిని తిప్పితే లోపలున్న తీగ కదిలి అడుగున మూతను లేపుతుంది, దించుతుంది. ఆ మూత చాలావరకు చేత్తో పైకి లాగితేనే వచ్చేస్తుంది. దాని చుట్టూ ఉన్న రబ్బరు రింగు మీద తెట్టు కట్టిందేమో చూసి కడగాలి, చీలితే మార్చాలి. కింద ఓ చిన్న మర ఉంటుంది. దాన్ని కొంచెం తిప్పితే మూత ఎత్తు తగ్గుతుంది. కాలితో నొక్కితే మూసుకుని, మళ్లీ నొక్కితే తెరుచుకునే రకమైతే స్ప్రింగు పాడయ్యాక బాగుచేయడం దండగ. కొత్తది వేసుకోవడమే.

కారేది ఎక్కడ?

అసలు కథ ఇది. కింది ఇంటి సీలింగు తడిసింది. ప్లంబరు వచ్చాడు. టైల్సన్నీ పగలగొట్టాలన్నాడు. అక్కడే ఆగాలి. పగలగొట్టే ముందు నాలుగు రోజులు ఓపిగ్గా పరీక్షిస్తే చాలాసార్లు సుత్తి అవసరమే రాదు.

ఒక్కో పరీక్షకీ మధ్య కనీసం రోజు, కుదిరితే రెండు రోజులు విరామం ఇవ్వాలి. మన బాత్‌రూముల స్లాబును కాస్త లోతుగా పోసి, పైన ఇటుక ముక్కలతో నింపుతారు. కారిన నీళ్లు ముందు ఆ ఇటుక ముక్కల్లో చేరి, తర్వాతెప్పుడో తీరిగ్గా కిందికి దిగుతాయి. ఈరోజు స్నానానికి రేపు చెమ్మ కనిపించవచ్చు. ఈ సంగతి మరిచిపోయి 'ఇవాళ టబ్బు వాడలేదు, అయినా తడిసింది, కాబట్టి టబ్బుది కాదు' అని తీర్పు చెప్పేస్తుంటారు.

మొదట రెండు రోజులు ఆ బాత్‌రూములో ఏ కుళాయీ తిప్పకూడదు. అయినా తడి అలాగే పెరుగుతుంటే అనుమానం నీళ్లు తెచ్చే పైపుల మీదకు పోవాలి. వాటిలో ఇరవై నాలుగు గంటలూ ఒత్తిడి ఉంటుంది కాబట్టి కారుడు కూడా ఆగదు. తడి తగ్గుముఖం పడితే అప్పుడు టబ్బు వంతు.

తూము మూసి, ఓవర్‌ఫ్లోకి నాలుగు వేళ్ల కింది వరకు నీళ్లు నింపి, నీటిమట్టం దగ్గర టేపు ముక్క అతికించి వదిలేయాలి. మర్నాటికి మట్టం తగ్గి కింద తడి కనిపిస్తే జాలీ కింది వాషరు పోయినట్టు. మట్టం తగ్గినా కింద పొడిగానే ఉంటే నీళ్లు బిరడా సందులోంచి పైపులోకే పోతున్నాయి. దాంతో కింది ఇంటికి నష్టం లేదు. మట్టమూ తగ్గలేదు, తడీ లేదంటే వాషరు మంచిదే. అప్పుడు మూత తెరిచి నీళ్లన్నీ ఒకేసారి వదలాలి. ఇప్పుడు తడిస్తే తప్పు కింది వంపుదో, ట్రాప్‌దో, జారిపోయిన పైపుదో.

తర్వాత ఓవర్‌ఫ్లో రంధ్రంలోకి ఓ బకెట్టు నీళ్లు చెంబుతో మెల్లగా పోయాలి. ఆ బిళ్ల వెనక కూడా ఒక వాషరుంటుంది. ఏళ్ల తరబడి నీళ్లు తగలక ఎండి బీటలువారేది అదే. పిల్లలు టబ్బులో అలలు లేపి ఆడుకున్న రోజున మాత్రమే కింద కారిందంటే దోషి ఇదే అయి ఉంటుంది. ఆఖరున తూము తెరిచే ఉంచి, షవరు నీళ్లు గోడల మీదా టబ్బు అంచుల మీదా పడేలా పావుగంట తిప్పాలి. అప్పుడు తడిస్తే టబ్బుకీ గోడకీ మధ్య సీలింగ్ పోయింది. తూముకు ఏ పాపమూ తెలియదు.

ఎక్కడి నీళ్లో తేలకపోతే టబ్బు నీళ్లలో వంటకు వాడే రంగు కొద్దిగా కలిపితే సరి. టబ్బు కింది గచ్చు చూసే వీలుంటే రంగే దారి చెబుతుంది. పసుపు మాత్రం వద్దు, మరక వదలదు.

ఇంత హైరానా ఎందుకు, కారితే కారనీ అనుకునే వీల్లేదు. తడి దిగిన స్లాబులో ఇనుప చువ్వలు తుప్పు పడతాయి. తుప్పు పట్టిన ఇనుము ఉబ్బి కాంక్రీటును తోస్తుంది. పెచ్చులు ఊడి పడేది అందుకే. అవి పడేది కింది ఇంట్లో స్నానం చేస్తున్న వాళ్ల నెత్తి మీద.

మార్చాలంటే...

టబ్బు చుట్టూ ఇటుకతో గోడ కట్టి టైల్సు వేసేటప్పుడు తూము వైపు అడుగు చదరం తలుపు వదిలి ఉంటే మీరు అదృష్టవంతులు. లేకపోతే ఆ వైపు రెండు టైల్సు తీయక తప్పదు. అది కూడా ఒక్కసారే. తర్వాత అక్కడ తలుపు పెట్టించుకోవచ్చు.

పని మొదలెట్టే ముందు టబ్బులో పాత దుప్పటి పరవాలి. పానా జారిపడితే యాక్రిలిక్ మీద గీత పోదు. తూములో గుడ్డ ముక్క పెట్టాలి. ఊడిన మర అందులో పడితే మొదటికే మోసం. మన దగ్గర దొరికే చాలా రకాల్లో జాలీ మధ్య ఒకే ఒక పొడవాటి మర ఉంటుంది. పైనున్న జాలీనీ కిందున్న గిన్నెనూ టబ్బును మధ్యలో ఉంచి పట్టి ఉంచేది అదే. అది విప్పేటప్పుడు కిందినుంచి ఎవరో ఒకరు గిన్నెను పట్టుకోవాలి. లేదంటే అది ఊడి కింద పడుతుంది.

అమెరికా ఇళ్లలో పద్ధతి వేరు. అక్కడ జాలీయే పెద్ద మరలా కింది వంపులోకి బిగుస్తుంది. దాన్ని విప్పడానికి జాలీ అడ్డపట్టీల్లో ఇమిడే ప్రత్యేకమైన తాళంచెవి లాంటి పరికరం ఉంటుంది. పాత పుట్టీ రాయిలా బిగుసుకుపోతే హెయిర్ డ్రయ్యరుతో వేడి చేసి తిప్పుతారు. అక్కడి మన కుటుంబాల్లో చాలామంది ఈ విద్య నేర్చుకున్నారంటే సరదాకి కాదు. పై అంతస్తులో టబ్బు, కింద భోజనాల గది, మధ్యలో చెక్క దూలాలూ జిప్సం పలకలూ. తడిస్తే ఆ సీలింగు ఊడి పడుతుంది. ప్లంబరు గడప తొక్కితేనే బిల్లు మొదలవుతుంది. అద్దె ఇంట్లో ఉన్నవాళ్లు మాత్రం తాము చేయి పెట్టకుండా యజమానికి చెప్పడమే మేలు.

కొత్తది కొనడానికి పాతదాన్ని చేతిలో పట్టుకుని వెళ్లాలి. మరల సైజులు చూడ్డానికి ఒకేలా ఉంటాయి, ఒకదాంట్లో ఒకటి ఎక్కవు. టబ్బు రంధ్రం చుట్టూ పాత పుట్టీ, సబ్బు తెట్టు అంతా గీకి పొడిగుడ్డతో తుడవాలి. తొందరపడేవాళ్లు వదిలేసేది ఈ పనే. మళ్లీ కారేది కూడా ఇందువల్లే. వాషరు టబ్బు కిందివైపు, పుట్టీ లేదా సిలికాన్ పైవైపు జాలీ అంచు కింద. యాక్రిలిక్ టబ్బుకు పుట్టీ పడదు. అందులోని నూనెలు దాన్ని పాడుచేస్తాయి, సిలికానే వాడాలి. చేత్తో బిగిసినంత బిగించి, ఆపైన పానాతో కొద్దిగా. 'ఇంకో చుట్టు తిప్పితే గట్టిగా ఉంటుంది' అనే ఆశతో తిప్పితే వాషరు నలిగి పక్కకు తోసుకొస్తుంది, కొన్నిసార్లు టబ్బే చిట్లుతుంది.

సిలికాన్ ఆరేదాకా ఒక రోజు నీళ్లు పోయకూడదు. తర్వాత టబ్బు నింపి, టార్చిలైటుతో కిందికి చూస్తూ మూత తెరవాలి. ప్రతి అతుకునూ పొడి టిష్యూ కాగితంతో అద్దితే వేలికి తెలియని తడి కూడా కాగితానికి తెలుస్తుంది. అంచుల సీలింగు కూడా పోయి ఉంటే, కొత్తది వేసేటప్పుడు టబ్బులో నీళ్లు నింపి ఉంచడం మంచిది. అడుగు ఎంత దిగాలో అంత దిగి ఉంటుంది కాబట్టి తర్వాత ఆ అతుకు తెగదు. కింది ఇంటివాళ్లు మాత్రం వెంటనే సున్నం వేయించుకోకూడదు. ఇటుక ముక్కల్లో దాగిన నీళ్లు ఆరడానికి వారాలు పడుతుంది.

వాసనకూ ఓ కథ

ట్రాప్‌లో నిలిచే నీళ్లు చూడ్డానికి మురుగులా ఉన్నా నిజానికి అవే కాపలా. 1775లో లండన్‌లో గడియారాలు తయారుచేసే అలెగ్జాండర్ కమింగ్ తన ఫ్లష్ టాయ్‌లెట్‌కు ఎస్ ఆకారపు వంపు పెట్టి పేటెంటు తీసుకున్నాడు. వంపులో నిలిచిన నీరు మురుగువాయువును అడ్డుకుంటుంది. రెండున్నర శతాబ్దాలైనా ఇంతకన్నా తేలికైన ఉపాయం రాలేదు. గచ్చులోని ట్రాప్‌లో కనీసం 50 మిల్లీమీటర్ల నీరు ఉండాలన్నది నియమం.

ఆ రెండంగుళాల నీరు ఎండిపోతే ఏమవుతుందో 2003 మార్చిలో హాంకాంగ్ చూసింది. అమోయ్ గార్డెన్స్ అనే అపార్ట్‌మెంట్ల సముదాయానికి సార్స్ సోకిన ఒక వ్యక్తి బంధువుల ఇంటికి వచ్చాడు. అతనికి విరేచనాలున్నాయి. చాలా ఫ్లాట్లలో బాత్‌రూమ్ గచ్చు మీద నీళ్లు పోసే అలవాటు లేక ట్రాపులు ఎండి ఉన్నాయి. ఎగ్జాస్ట్ ఫ్యాను వేసినప్పుడల్లా మురుగు పైపులోని తుంపరలు ఎండిన ట్రాపుల గుండా ఇళ్లలోకి వచ్చాయని దర్యాప్తులో తేల్చారు. ఆ సముదాయంలో 300 మందికి పైగా జబ్బుపడ్డారు, 42 మంది చనిపోయారు.

ఎవరూ వాడని టబ్బు ఇంట్లో ఉంటే వారానికోసారి రెండు చెంబుల నీళ్లు అందులో పోయాలి. వేసవి సెలవులకు ఊరెళ్లేముందు పోసి వెళ్లాలి. టబ్బులో ఎప్పుడూ పడుకోకుండా దాన్ని బట్టలు నానబెట్టడానికీ, కరెంటు పోయినప్పటికి నీళ్లు నిల్వ చేయడానికీ వాడే ఇళ్లు బోలెడు. చిన్నపిల్లలున్న ఇంట్లో మాత్రం ఆ నిల్వ వద్దు. తప్పటడుగుల పిల్లలు మునగడానికి జానెడు నీళ్లు చాలు.

ఆ సుడి ఎటు?

టబ్బు ఖాళీ అవుతుంటే తూము మీద సుడి తిరుగుతుంది. భూమధ్యరేఖకు ఉత్తరాన ఒకవైపు, దక్షిణాన మరోవైపు తిరుగుతుందని బళ్లో చెప్పినట్టు గుర్తుందా? ఇంట్లో టబ్బు విషయంలో అది నిజం కాదు. నీళ్లు ఎలా పోశారు, చెయ్యి ఎటు కదిపారు అన్నదే సుడి దిశను తేలుస్తుంది. అమెరికాలో ఎంఐటీ ప్రొఫెసరు ఆషర్ షాపిరో దీన్ని పరీక్షించడానికి ఆరడుగుల వెడల్పున్న గుండ్రటి తొట్టెలో నీళ్లు నింపి, ఇరవై నాలుగు గంటలు కదలకుండా ఉంచి, అంగుళంలో సగం కూడా లేని రంధ్రం గుండా వదిలాడు. ఖాళీ అవడానికి ఇరవై నిమిషాలు పట్టింది. మొదటి పన్నెండు నిమిషాలు ఏ కదలికా లేదు. ఆ తర్వాతే గడియారం ముల్లుకు వ్యతిరేకంగా తిరగడం కనిపించింది. 1962లో ఆయన ఆ సంగతి ప్రచురించాడు. ఇంట్లో అంత ఓపిక ఎవరికుంటుంది?

టబ్బు వద్దు బాబోయ్ అనుకుని తీసేయించేవాళ్లూ పెరుగుతున్నారు. ముఖ్యంగా పెద్దవాళ్లున్న ఇళ్లలో. అంత ఎత్తు అంచు దాటి కాలు పెట్టడం వాళ్లకు కష్టం. అలా తీసిన టబ్బు మిద్దె మీదకు చేరితే తోటకూరకూ పాలకూరకూ చక్కటి మడి. తూము తెరిచే ఉంచి, పైన కాస్త కొబ్బరిపీచు పరిచి మట్టి పోస్తే ఎక్కువైన నీళ్లు పోతాయి, మట్టి పోదు. తామరలు వేసుకోవాలనుకుంటే మాత్రం పాత బిరడాను నమ్మకుండా ఆ రంధ్రాన్ని సిలికాన్‌తో మూసి, ఒక రోజు ఆరాక నీళ్లు పోయాలి. కింద మళ్లీ స్లాబే ఉంది కదా!